పాము అంటే కుండలిని, చంద్రుడు అంటే మనసు... ఇవన్నీ పాటలో ఉన్నాయా?

సీత డాలస్

అందరికీ నమస్కారం. ఇక్కడ రాసి చాలా రోజులైంది, ఇప్పుడు అవసరం పడి వచ్చాను. ఏమీ అనుకోవద్దు.

మా గుడిలో శివరాత్రి జాగారానికి పిల్లల చేత పాడిస్తున్నారు. మా అమ్మాయికి 14 ఏళ్లు. లింగాష్టకం, బిల్వాష్టకం పాడుతోంది. పాడే ముందు రెండు నిమిషాలు భావం చెప్పాలన్నారు. ఎప్పుడో వాట్సాప్‌లో వచ్చిన జాబితా ఒకటి ఉంటే తీసి దాని చేతిలో పెట్టాను. మీ అందరికీ వచ్చే ఉంటుంది: పాము అంటే కుండలిని (వెన్నులో ఉంటుందని యోగులు చెప్పే శక్తి), చంద్రుడు అంటే మనసు, గంగ అంటే జ్ఞానం, బూడిద అంటే వైరాగ్యం, ఇలా పన్నెండో పదమూడో ఉన్నాయి.

అది మొత్తం చదివి, "అమ్మా, ఇవి లింగాష్టకంలో ఏ లైన్లో ఉన్నాయి?" అంది.

ఊహ తెలిసినప్పటి నుంచీ పాడుతున్నాను నేను. స్టవ్ ముందు నిలబడి మొదటి నుంచి చివరి దాకా మనసులో పాడుకుంటూ వెతికాను. "ఫణిపతి వేష్టిత శోభిత లింగం" అని పాము ఉంది, కుండలిని లేదు. చంద్రుడు అసలే లేడు. గంగా లేదు. చివరికి పిల్ల ముందు వెర్రి మొహం వేశాను.

ఇవన్నీ ఎవరు చెప్పారు? పాటలో ఉన్నదెంత, మనం తెచ్చి అతికించిందెంత? తెలిసినవాళ్లు చెప్పండి. ఇంకా తొమ్మిది రోజులే ఉంది, నాకు టెన్షన్‌గా ఉంది.

సగటు సందేహం

మీ అమ్మాయికి నా తరఫున ఒక దండం పెట్టండి సీత గారూ. పదేళ్లుగా నాదీ ఇదే గోల. ప్రతిదానికీ "దీని వెనక పరమార్థం ఏమిటంటే" అని మొదలుపెడతారు. పాము మెడలో ఉంది, అంతే. ఎవరో చూశారు, భయపడ్డారు, దండం పెట్టారు, పాట కట్టారు. దానికి వెన్నుపూసలూ చక్రాలూ తగిలించింది తరవాతి వాళ్లు.

మారేడు చెట్టు

సందేహం గారూ, అంత తొందరొద్దు. నేను గుంటూరులో 22 ఏళ్లు సంస్కృతం చెప్పాను కాబట్టి ఇది నా వాటాకే వచ్చిందనుకుంటున్నాను.

అన్నీ అతికించినవే అనడం కూడా తప్పే. పాట తానే చెప్పిన సంకేతాలు వేరు, మనం పైనుంచి వేసినవి వేరు. ఈ రెండూ విడదీసి చూస్తే చాలు.

మీ అమ్మాయి పాడే బిల్వాష్టకమే తీసుకోండి. "త్రిదళం త్రిగుణాకారం త్రినేత్రం చ త్రియాయుధం". మారేడు రెమ్మకి మూడు ఆకులు ఉంటాయి. ఆ మూడే మూడు గుణాలు, ఆ మూడే మూడు కళ్లు, ఆ మూడే త్రిశూలం మొనలు. ఇది వాట్సాప్ మాట కాదు, శ్లోకమే నోరు తెరిచి చెబుతోంది. ఆకు చేతిలో పట్టుకుని దాని వంక చూస్తూ పాడే శ్లోకం అది. ఆకు లేకుండా పాడితే సగమే.

పంచాక్షరీ స్తోత్రంలో "చంద్రార్క వైశ్వానర లోచనాయ" అని వస్తుంది. మూడు కళ్లూ ఏమిటంటే చంద్రుడు, సూర్యుడు, అగ్ని. ఇదీ పాటలోనిదే.

ఆ స్తోత్రంలో ఇంకో సంగతి పిల్లలకి తప్పకుండా చూపించాలి. ఐదు శ్లోకాల మొదటి మాటలు వరసగా చూడండి.

నాగేంద్రహారాయ
మందాకినీ సలిల
శివాయ గౌరీ
వశిష్ఠ కుంభోద్భవ
యజ్ఞస్వరూపాయ

మొదటి అక్షరాలు నిలువుగా చదివితే న, మ, శి, వ, య. ఒక్కో శ్లోకం చివర "నకారాయ", "మకారాయ" అని ఆ అక్షరానికే దండం. నా క్లాసులో ఇది బోర్డు మీద రాసి ఊరుకునేదాన్ని, ఏమీ చెప్పేదాన్ని కాదు. ఎవరో ఒకరు వెనక బెంచీ నుంచి "మేడమ్!" అని అరిచేవాళ్లు. ఆ అరుపు కోసమే చెప్పేదాన్ననుకుంటా ఆ పాఠం.

సీత డాలస్

అయ్యో రామ! ఇన్నేళ్లుగా పాడుతూ ఒక్కసారీ గమనించలేదు. ఇప్పుడే దానికి చూపించాను. "అయితే ఇది పజిల్ కదమ్మా" అంది.

కోనసీమ కొబ్బరాకు

మేడమ్ గారూ, మీ పాఠం బాగుంది గానీ, మా వైపు శివుడి పాటకి అర్థం అడిగితే నవ్వుతారండి. కనుమ నాడు జగ్గన్నతోట తీర్థం ఎవరైనా చూశారా? మొసలపల్లి దగ్గర. 11 ఊళ్ల నుంచి ఏకాదశ రుద్రుల ప్రభలు, అంటే వెదురుకి రంగు బట్టలు కట్టిన ఎత్తైన చట్రాలు, భుజాల మీద వస్తాయి. గంగలకుర్రు ప్రభలైతే కౌశిక దాటి రావాలి. వెదురుకీ రంగు బట్టలకీ తోడు నీటి బరువు. మనిషి మెడ లోతు నీళ్లలో ఉంటాడు, ప్రభ మాత్రం వంగకూడదు.

అప్పుడు వినపడేది ఒక్కటే: "అశ్శరభ! శరభ! శరభ!"

దానికి అర్థం ఏమిటని మా తాతని అడిగితే "మొయ్యి, తెలుస్తుంది" అన్నాడు. నిజం చెప్పొద్దూ, మోస్తే తెలిసింది. ఆ కేక పడకపోతే ఇరవై మంది కాళ్లు ఒకేసారి లేవవు.

సగటు సందేహం

చూశారా! పాట ముందు పనికొచ్చింది, పరమార్థం తరవాత వచ్చింది.

మారేడు చెట్టు

శరభం అంటే శివుడి అవతారమే. నరసింహుడి ఉగ్రం చల్లార్చడానికి వచ్చిన రూపం అంటారు శైవులు. కేకలో అర్థం లేకపోలేదు, మోసేవాడికి ఆ క్షణంలో దాని అవసరం లేదంతే. మీ తాతగారి మాట మాత్రం నాకు నచ్చింది.

పాత రేడియో

విశాఖ నుంచి. రిటైరయ్యాక చెవులకి ఇంకేం పని లేదు కాబట్టి ఈ చర్చ వదల్లేకపోతున్నాను.

అర్థం గొడవ కాసేపు పక్కన పెట్టి చప్పుడు వినండి. శివతాండవ స్తోత్రం పంచచామర వృత్తం. పాదానికి 16 అక్షరాలు. మొదటిది లఘువు, రెండోది గురువు, మూడు లఘువు, నాలుగు గురువు, చివరిదాకా అంతే. జ-టా-ట-వీ-గ-లజ్-జ-లప్... తొడ మీద వేలితో కొట్టి చూడండి. చిన్న దెబ్బ, పెద్ద దెబ్బ, చిన్న దెబ్బ, పెద్ద దెబ్బ. అది డమరుకం. రెండు వైపులా చర్మం, మధ్యలో తాడుకి ముడి, మణికట్టు తిప్పితే అటొకటి ఇటొకటి. "డమడ్డమడ్డమడ్డమన్నినాద" దగ్గరికి వచ్చేసరికి మాటకి అర్థం అడగాల్సిన పనే లేదు, మాటే వాయిద్యం అయిపోయింది.

ఈ రోజుల్లో దీన్ని జిమ్ పాటలా వాయించి ఆ లఘువుల్ని మింగేస్తున్నారు. గురువుల మీదే గుద్దుతారు. సగం డమరుకం వినిపిస్తుంది. సరే, ముసలాడి సణుగుడు.

ఇంకో మాట. త్యాగరాజ స్వామి రాముడి భక్తుడు కదా, ఆయన చిత్తరంజని రాగంలో "నాదతనుమనిశం శంకరం" అన్నాడు. నాదమే ఒళ్లుగా ఉన్నవాడు. సద్యోజాతం మొదలైన ఐదు ముఖాల నుంచి సరిగమపదని పుట్టాయన్నాడు. సంకేతం అంటే నా దృష్టిలో అది. పాము దేనికి గుర్తు, చంద్రుడు దేనికి గుర్తు అని కాదు. నువ్వు పాడుతున్న స్వరమే ఆయన ఒళ్లు. ఇక వేరే గుర్తెందుకు?

నల్లమల బాటసారి

తాండవ స్తోత్రం రావణుడు కైలాసం ఎత్తినప్పుడు పాడింది, వాల్మీకి రామాయణంలో ఉంది కదా. అది కూడా అమ్మాయికి చెప్పించండి.

మారేడు చెట్టు

బాటసారి గారూ, చిన్న సవరణ. వాల్మీకి ఉత్తరకాండలో ఆ కథ ఉంది. కొండ కింద చేతులు నలిగి రావణుడు పెద్దగా అరవడం, సామగానాలతో శివుణ్ణి స్తుతించడం, ఆ అరుపు వల్లే రావణుడనే పేరు రావడం ఉన్నాయి. కానీ ఈ స్తోత్రం అందులో లేదు. రావణుడు చేశాడని సంప్రదాయం చెబుతుంది, అంతవరకే చెప్పించండి. 14 ఏళ్ల పిల్ల "ఏ లైన్లో ఉంది?" అని అడిగే రకం, జాగ్రత్త.

ఒక తమాషా చూడండి. లింగాష్టకంలో ఒక పాదం "రావణ దర్ప వినాశన లింగం". పొగరు అణిగిన కథ ఇందులో, అణిగాక పాడాడనే పాట ఆ తాండవ స్తోత్రం. జాగారంలో రెండూ వెంట వెంటనే పాడేస్తుంటాం.

దానికి ముందు పాదం "కామదహం కరుణాకర లింగం". మన్మథుణ్ణి కాల్చినవాడు, కరుణకి గని. ఆ రెండు మాటలకీ మధ్య ఊపిరి తీసుకునేంత చోటు కూడా లేదు. పిల్లలు "కామదహం" దగ్గర ఆగిపోయి, "కరుణాకర" ఇంకో వాక్యంలా ఎత్తుకుంటారు. ఆగకూడదని చెప్పండి.

పాము సంగతికి వస్తే, తాండవ స్తోత్రం చివర్లో ఒక శ్లోకం ఉంది, చాలామంది పాడేవాళ్లు అక్కడిదాకా రారు. "దృషద్విచిత్రతల్పయోర్భుజంగమౌక్తికస్రజోః" అని మొదలవుతుంది. రాతిబండనీ మెత్తటి పరుపునీ, పాముని, ముత్యాల దండని, రత్నాన్ని, మట్టిపెళ్లని, స్నేహితుణ్ణి, శత్రువుని, మామూలు మనిషిని, చక్రవర్తిని ఒకే తీరున చూస్తూ సదాశివుణ్ణి ఎప్పుడు భజిస్తానో కదా అంటాడు. మెడలో పాము ఎందుకున్నదో పాటే చెప్పింది: పాముకీ ముత్యాల దండకీ తేడా లేని మెడ అది. కుండలిని అక్కర్లేకుండానే సరిపోయింది.

సగటు సందేహం

ఇది మాత్రం ఒప్పుకుంటాను. నాకు తెలీదు ఈ శ్లోకం.

కానీ బిల్వాష్టకంలో నాకు పొసగనిది ఒకటుంది. "కోటి కన్యా మహాదానం తిలపర్వత కోటయః". కోటి మంది ఆడపిల్లల్ని దానం ఇచ్చినంత పుణ్యమట. డాలస్‌లో ఒక ఆడపిల్ల చేత ఇది పాడించి, భావం కూడా చెప్పిస్తారా?

సీత డాలస్

బాబోయ్. అది నా బుర్రకే తట్టలేదు. ఇప్పుడు అది చదివిందంటే నా పని అయిపోయినట్టే.

మారేడు చెట్టు

ఆ పోలిక పుట్టిన కాలం వేరు. మీకు కష్టం కలగడంలో తప్పు లేదు, నాకూ కలుగుతుంది. అయినా శ్లోకం ఎటు పోతోందో చూడండి. కన్యాదానాలు, నువ్వుల కొండలు, బంగారం, కాశీలో కాపురం, కాలభైరవ దర్శనం, ప్రయాగలో మాధవుడి దర్శనం, ఇలా డబ్బూ హోదా ఉన్నవాళ్లు చెయ్యగలిగినవన్నీ త్రాసులో ఒక పక్క పేర్చుకుంటూ పోతుంది. రెండో పక్క ఒక్క ఆకు. "ఏకబిల్వం శివార్పణం". ఆ పెద్ద దానాల గొప్ప చెప్పడానికి కాదు ఆ జాబితా, దాని ధర పడగొట్టడానికి.

పాడనంటే ఆ శ్లోకం వదిలెయ్యమనండి. బిల్వాష్టకానికి పాఠాలు రకరకాలుగా ఉన్నాయి, మా ఇంట్లో పాడేదీ పక్కింట్లో పాడేదీ ఒకటి కాదు.

కాళాస్తి గోపురం

ఇక్కడ ఇంత జరుగుతుంటే మా ధూర్జటిని ఎవరూ తలుచుకోలేదేం? రాయలవారి కాలం కవి. మా ఊరి దేవుడి పేరులోనే మూడు జంతువులున్నాయి. శ్రీ అంటే సాలెపురుగు, కాళం అంటే పాము, హస్తి అంటే ఏనుగు. వాటితో పాటు చెంచువాడైన కన్నప్ప. ఆ నలుగుర్నీ పట్టుకుని ఆయన అడిగాడు:

"ఏ వేదంబు పఠించె లూత? భుజగం బే శాస్త్రముల్ సూచెఁ? దా
నే విద్యాభ్యసనం బొనర్చెఁ గరి? చెం చే మంత్ర మూహించె?"

సాలెపురుగు ఏ వేదం చదివింది, పాము ఏ శాస్త్రం చూసింది, ఏనుగు ఏ బడికి వెళ్లింది, చెంచు ఏ మంత్రం తలిచాడు అని. ఇంక మీరు భావం, సంకేతం అని కొట్టుకుంటున్నారు.

మాది పంచభూత లింగాల్లో వాయులింగం. గర్భగుడిలో ఒక దీపం అల్లాడుతూ ఉంటుంది, గాలి వచ్చే దారి లేకపోయినా. దీక్షితులవారు వచ్చి హుసేని రాగంలో "శ్రీ కాళహస్తీశ" అని పాడినప్పుడు "సమీరాకార" అన్నారు. గాలే ఆకారంగా ఉన్నవాడా అని. ఆ దీపం చూశాక ఆ మాట వింటే ఇంకేమీ విప్పి చెప్పక్కర్లేదు. నేను చిన్నప్పుడు రోజూ బడికి పోతూ చూసేవాణ్ణి. ఇప్పుడు రాహుకేతు పూజల జనంలో దీపం దాకా పోవడమే గొప్ప.

పాత రేడియో

గోపురం గారూ, ఒక తిరకాసు. చదువు అక్కర్లేదని చెప్పడానికి ధూర్జటి శార్దూల విక్రీడితం ఎత్తుకున్నాడు. ఆ ఛందస్సు రావాలంటే ఎంత చదవాలో!

కాళాస్తి గోపురం

హహ. అదీ నిజమే సార్.

ఒగ్గుడోలు

మాది జనగామ జిల్లా. మా దగ్గర శివుడి పాట అంటే మల్లన్న కథే. ఒగ్గు అంటేనే శివుడి చేతిలోని డమరుకం అని మా పెద్దలు చెప్తరు. కొమురవెల్లిలో పట్నం వేసేటప్పుడు చూడాలె. పసుపు, కుంకుమ, ఆకుపచ్చ పొడులతో నేల మీద ముగ్గు పరుస్తరు, దాని చుట్టూ డోళ్లు. మా మల్లన్నకు ఇద్దరు భార్యలు, బలిజ మేడలమ్మ, గొల్ల కేతమ్మ. ఆయన గొర్రెల కాడికి పోతడు, అలుగుతడు, పెండ్లి చేసుకుంటడు. ఆ కథ రాత్రంతా నడుస్తది. అందులో పాము అంటే పామే, గొర్రె అంటే గొర్రే.

అసలు నేను చెప్పదల్చుకున్నది వేరే. పాల్కురికి సోమనాథుడు మా జిల్లాలోని పాలకుర్తి ఆయన. కాకతీయుల కాలం. ఆయన బసవపురాణంలో బెజ్జ మహాదేవి కథ ఉంది. సీతక్కా, నీ బిడ్డకు కావలసింది అదే అనిపిస్తుంది.

ఆ తల్లికి ఒక దిగులు పట్టుకుంటుంది. అందరికీ తల్లి ఉంది, శివుడికి తల్లి లేదు. లేకపోబట్టే ఆయన బతుకు అట్లయ్యిందని ఏడుస్తది. ఆ ద్విపద మా తాత పాడుతుంటే విన్న:

"తల్లి యున్న విషంబు ద్రావ నేలిచ్చు"
"తల్లి పాముల నేల ధరియింపనిచ్చు"
"తల్లి బూడిద యేల తాఁ బూయనిచ్చు"

తల్లే ఉంటే విషం తాగనిస్తుందా? పాముల్ని మెడల వేసుకోనిస్తుందా? బూడిద పూసుకోనిస్తుందా? జడలు కట్టనిస్తుందా, తోళ్లు కట్టుకోనిస్తుందా, వల్లకాటికి పోనిస్తుందా? ఇక తానే తల్లినవుతానని లింగాన్ని ఒళ్లో పెట్టుకుని, నీళ్లు పోసి, పాలు పట్టి పెంచుతుంది.

మీ వాట్సాప్ జాబితాలో ఉన్న పాము, బూడిద ఇందులో కూడా ఉన్నయి. అక్కడ ఒక్కో దాని వెనక "అంటే" అని పెట్టిన్రు. ఇక్కడ ఒక్కో దాని ముందు "తల్లి" అని పెట్టిండు సోమన.

సీత డాలస్

ఒగ్గుడోలు తమ్ముడూ, ఆఫీసులో చదివాను. మీటింగ్‌కి కెమెరా ఆపేసి వెళ్లాల్సి వచ్చింది.

సగటు సందేహం

నోరు మూసుకుంటున్నాను. రెండు గంటలు మాత్రమే.

పాత రేడియో

బసవపురాణంలోనే రుద్రపశుపతి కథ కూడా ఉంది. పురాణం వింటూ శివుడు హాలాహలం మింగాడని తెలిసి, అయ్యో ఏమైపోతాడో అని గుండె బాదుకున్నాడు. కథ జరిగిపోయి యుగాలైందని చెప్పినా వినలేదు. నీళ్లలోకి దిగి, ఆ విషం కక్కితేగానీ బయటికి రానన్నాడు. సోమనాథుడు ఇలాంటి వాళ్లని ముగ్ధభక్తులన్నాడు.

ఆ విషమే పోతన చేతిలో పడితే ఎలా మారిందో చూడండి. భాగవతం అష్టమ స్కంధం. "కదలం బాఱవు పాపపేరు లొడలన్" అని ఒక పద్యం. శివుడు విషాన్ని పిలిచి, చేతిలోకి తీసుకుని, ముద్ద చేసి మింగుతుంటే పోతన కెమెరా పట్టుకున్నట్టు ఒక్కో చోటా చూశాడు. మెడలో పాముల దండలు కదల్లేదు. ఒంటికి చెమట పట్టలేదు. కళ్లు ఎర్రబడలేదు. తలలో చంద్రుడు కందలేదు. ముఖం వాడలేదు. సీత గారూ, మీ జాబితాలోని పామూ చంద్రుడూ ఇక్కడ థర్మామీటర్లు! ఆయనకేమైనా అయితే ముందు వాటికి తెలిసేది.

తరవాతి పద్యంలో కడుపు లోకాలకి ఇల్లు కాబట్టి విషాన్ని అక్కడిదాకా పోనీకుండా గొంతులోనే "సూక్ష్మఫలరసము క్రియన్" నిలిపాడంటాడు. చిన్న పండు రసంలాగ. నీలకంఠుడంటే ఏమిటో దీనికంటే విప్పి చెప్పిన వ్యాఖ్యానం నేను చదవలేదు.

వీటికి ముందే వస్తుంది అందరికీ నోటికొచ్చిన పద్యం, "మ్రింగెడివాడు విభుండని". మింగేవాడు మొగుడని తెలుసు, మింగేది విషమని తెలుసు, జనానికి మేలని "మింగు" అంది పార్వతి. తన మంగళసూత్రాన్ని ఎంత నమ్ముకుందో అన్నాడు పోతన. అక్కడ తల్లి ఉంటే తాగనివ్వదు, ఇక్కడ పెళ్లాం తాగమంది.

కోనసీమ కొబ్బరాకు

సార్, చివరి మాటకి మా ఇంట్లో గొడవయ్యేలా ఉందండి. పైకి చదివి వినిపించాను.

మారేడు చెట్టు

శివానందలహరిలో కూడా ఇదే సామాను జాబితా ఉంది, కానీ అక్కడ నవ్వుతూ. "అశనం గరళం ఫణీ కలాపో వసనం చర్మ చ వాహనం మహోక్షః". తిండి విషం, నగ పాము, బట్ట తోలు, బండి పెద్ద ఎద్దు. "మమ దాస్యసి కిం కిమస్తి శంభో" అంటే, నాకేమిస్తావయ్యా, నీ దగ్గరేముందని? నీ పాదాల మీద భక్తి ఉంది, అదొక్కటీ ఇచ్చెయ్యి.

అన్నిట్లోనూ అదే పాము. ఒకరు ఏడ్చారు, ఒకరు ఎగతాళి చేశారు, ఒకరు కన్నార్పకుండా చూశారు, ఒకరు పాముకీ ముత్యాలకీ తేడా లేదన్నారు. ఒక్కో వస్తువుకి ఒకే అర్థం రాసిపెట్టి ఉంటే ఇన్ని పాటలు ఎక్కడివి? నాకు ఆ జాబితాతో ఉన్న పేచీ అదే. తప్పని కాదు, తలుపు గడియ పెట్టేస్తుంది.

చెరువు కట్ట

మధ్యలో దూరుతున్నందుకు క్షమించండి. మా అమ్మమ్మ కార్తీకమాసంలో తెల్లవారుజామున గంగా గౌరీ సంవాదం పాడేది. సవతులిద్దరి పోట్లాట. ఒకరు నెత్తి మీద, ఒకరు ఒంట్లో సగం. ఇద్దర్లో ఎవరు గొప్పని దెప్పుకుంటారు. చెరువులో దీపాలు వదిలి, తడి చీరలతో గట్టు మీద కూర్చుని ఆడవాళ్లు వంతులేసుకుని పాడేవాళ్లు. సగం మంది గంగ వైపు, సగం మంది గౌరి వైపు. ఊళ్లో సవతులున్న ఇంటావిడ ఒకావిడ ఎప్పుడూ గౌరి వైపే కూర్చునేది, అంటే పెద్దభార్య అన్నమాట. ఆ పాటలో గంగ జ్ఞానమని ఎవరైనా అంటే ఆవిడ ఏమనేదో!

సగటు సందేహం

రెండు గంటలు అయిపోయాయి. ఒక్క ప్రశ్న. వేదంలోని రుద్రంలో దొంగలకి కూడా దండం ఉంటుందని ఎక్కడో చదివాను. నిజమేనా, అదీ అతికించిందేనా?

మారేడు చెట్టు

నిజం. మూడో అనువాకంలో, అంటే మూడో భాగంలో, "తస్కరాణాం పతయే నమః". నాలుగులో వడ్రంగికి, రథం చేసేవాడికి, కుమ్మరికి, కమ్మరికి. ఎనిమిదోదానికి వచ్చేసరికి "నమః శివాయ చ శివతరాయ చ". పంచాక్షరి ఉన్నది అక్కడ. కుమ్మరినీ కమ్మరినీ దాటుకుంటూ పోతేనే ఆ అక్షరాలు దొరుకుతాయి.

నిర్వాహకులు

మంచి చర్చ. ఒక మనవి: కోనసీమ, విశాఖ సభ్యులు పెళ్లాల విషయం వేరే చోట తేల్చుకోగలరు.

సీత డాలస్

పది రోజుల తరవాత వచ్చి చెబుతున్నాను, ఏమీ అనుకోవద్దు.

ముందు మారేడు దళాల కష్టం. ఇండియన్ స్టోర్‌లో ఉన్నవి చలికి నల్లబడిపోయాయి. గుడిలో ఎవరో తమ పెరట్లో కుండీలో పెంచిన చెట్టు నుంచి కొన్ని తెచ్చారు. పిల్లకి ఒక రెమ్మ ఇచ్చి, పాడేటప్పుడు పట్టుకోమన్నాను, మేడమ్ గారు చెప్పినట్టు.

ప్రోగ్రాం ఎప్పటిలాగే లేటు. మా వంతు వచ్చేసరికి రాత్రి పదకొండున్నర. "రెండు నిమిషాలు లేవు, అర నిమిషంలో చెప్పెయ్యమ్మా" అన్నారు. అది నా వంక చూసింది, కాగితం మడిచి జేబులో పెట్టేసుకుంది. వచ్చీరాని తెలుగులో అంది: "సోమనాథుడు అని ఒక పొయెట్. ఆయన పాటలో ఒక అమ్మ ఉంది. శివుడికి అమ్మ లేదు కాబట్టే స్నేక్స్ వేసుకున్నాడు, పాయిజన్ తాగాడు, అమ్మ ఉంటే ఒప్పుకోదు అని ఆమె ఏడ్చింది." అంతే. పాట ఎత్తుకుంది. కోటి కన్యా శ్లోకం దానంతట అదే వదిలేసింది, నేనేమీ చెప్పలేదు. "కామదహం కరుణాకర" ఊపిరి ఆపకుండా పాడింది.

మా అత్తగారు ముందు వరసలో కూర్చున్నారు. ఇంటికొచ్చాక దాన్ని పిలిచి, "ఆ అమ్మ పేరేమిటే?" అని అడిగారు.

ఒగ్గుడోలు

బెజ్జ మహాదేవి అని చెప్పక్కా. వీడియో ఉంటే పెట్టు.

సీత డాలస్

ఉంది తమ్ముడూ, కానీ దాన్లో పాట కంటే అత్తగారు ముక్కు చీదడమే ఎక్కువ వినిపిస్తోంది. అయినా పెట్టమంటావా?

కోనసీమ కొబ్బరాకు

పెట్టండి. మా ఆవిడ కూడా అడుగుతోంది.